అలంకారం పెరిగినా జనం నిలవలేదు: ఒక ట్రాపికల్ బార్ కేస్ స్టడీ

నన్ను సలహాకు పిలిచిన ఈ బార్ పేరు, ఊరు, యజమాని వివరాలు రాయడం లేదు. గది కొలతల్లాంటివి గుర్తుపట్టడానికి వీల్లేకుండా కాస్త మార్చాను. సమస్య, మేం తీసుకున్న నిర్ణయాలు, వాటి వెనక కారణాలు మాత్రం ఉన్నవి ఉన్నట్టే ఉన్నాయి.

నేపథ్యం

అరవై మంది దాకా పట్టే కాక్‌టెయిల్ బార్ అది. అంతకుముందు అక్కడ షోరూమ్ ఉండేది కాబట్టి వీధివైపు గోడంతా అద్దమే. నేల నున్నటి టైల్స్, నెత్తిన నేరుగా కాంక్రీట్ స్లాబ్. ఆ గదిని ఉష్ణమండల దీవిలా మార్చాలని యజమాని ముచ్చటపడ్డారు. వెదురు గడలు, కౌంటర్ మీద ఎండు తాటాకు చూరు, ప్లాస్టిక్ కొబ్బరిచెట్లు, చిలకలు, దేవతల ముఖాలు చెక్కిన కొయ్య స్తంభాలు, సముద్రం గుర్తుకొచ్చేలా సీలింగ్ అంచు వెంబడి నీలం ఎల్‌ఈడీ పట్టీలు, స్పీకర్లలో అలల హోరు, మూలమూలకీ కొబ్బరి వాసన చిమ్మే యంత్రాలు. ఖర్చుకు వెనకాడలేదు. హెడ్ బార్‌టెండర్ కూడా పని తెలిసిన మనిషి. నేను మొదటిసారి తాగిన మై తాయ్‌లో బాదం సిరప్, నిమ్మ, రమ్ దేని పాళ్లు దానికి కుదిరాయి. కాబట్టి డ్రింకుల్లో లోపం ఉందేమోనన్న అనుమానం నాకు ఆ రోజే తీరిపోయింది.

ఈ తరహా బార్లకు పుట్టిల్లు అమెరికా. అక్కడ 1933లో మద్యనిషేధం ఎత్తేశాక హాలీవుడ్‌లో డాన్ బీచ్, ఓక్‌లాండ్‌లో విక్టర్ బెర్జెరాన్ పసిఫిక్ దీవుల అలంకారానికి కరీబియన్ రమ్‌ను జతచేసి ఒక ఊహాలోకం కట్టారు. ఇద్దరిలో రెండో ఆయనే 1944లో మై తాయ్ కలిపానని చెప్పుకున్నది. శాన్‌ఫ్రాన్సిస్కోలో ఒక హోటల్ ఈతకొలనునే 1945లో మడుగులా మార్చేసి, సంగీత బృందాన్ని పడవ ఎక్కించి, నీళ్ల మీద కృత్రిమ వర్షం కురిపించారు. ఆ టోంగా రూమ్ ఫోటోలు మా యజమాని ఫోన్‌లో నిండా ఉన్నాయి. ఆయన ఆ ఫోటోల్లో చూసింది వర్షాన్ని. గదికి కిటికీలు లేవన్న సంగతి ఆయన కంట పడలేదు.

వచ్చిన సమస్య

మొదటి నెలల్లో గది కిటకిటలాడింది. తర్వాత ఒకే తంతు మొదలైంది: వచ్చినవాళ్లు ఫోటోలు తీసుకుంటారు, ఒక డ్రింకు తాగుతారు, బిల్లు అడుగుతారు. రెండో రౌండ్ లేదు. వారం మధ్యలో సగం కుర్చీలు ఖాళీ.

"వాతావరణం ఇంకా రావట్లేదండీ. ఏదో తక్కువైంది. గోడ మీద జలపాతం పెట్టిద్దామా?" అని అడిగారు యజమాని. అప్పటికే ఒక కంపెనీతో మాట్లాడి అంచనా కూడా తెప్పించుకున్నారు. ఆ పని కొంతకాలం ఆపమని అడిగాను. జలపాతం మీద నాకు కోపమేమీ లేదు. కానీ ఫోటో తీసుకునేటంత నచ్చిన గదిలో మనిషి రెండో డ్రింకు దాకా ఎందుకు ఆగడంలేదు అన్న ప్రశ్నకు అది జవాబు కాదు. కంటికి నచ్చింది కాబట్టే ఫోటో తీస్తున్నారు. వాళ్లను లేపి పంపేస్తున్నది ఇంకేదో ఉండాలి. అది తెలియకుండా అలంకారం పెంచుకుంటూ పోతే చిల్లుకుండలో నీళ్లు పోసినట్టే.

కూర్చుని చూస్తే కనిపించినవి

ఏమీ మార్చకుండా ముందు వేర్వేరు కుర్చీల్లో, వేర్వేరు వేళల్లో కూర్చున్నాను. అలంకారం కేసి చూడటం మానేసి మనుషులను చూశాను. మూడో టేబుల్ దగ్గర ఒక జంట. ఆమె ఏదో చెప్తోంది, అతను చెవి ముందుకు వంచి "ఏంటీ?" అంటున్నాడు. రెండుసార్లు అడిగి మూడోసారి అర్థమైనట్టు నవ్వి ఊరుకున్నాడు. ఇంకాసేపటికి ఇద్దరూ ఫోన్లు తీశారు. పక్క టేబుల్‌లో ఒకాయన ఫోన్ టార్చ్ వేసుకుని మెనూ చదువుతున్నాడు: గోధుమరంగు కాగితం మీద ముదురు గోధుమరంగు అక్షరాలు. కౌంటర్ వెనక బ్లెండర్ మోగినప్పుడల్లా గదిలో మాటలన్నీ ఒక్కసారి ఆగిపోయి, అది ఆగాక ఇంకాస్త పెద్ద గొంతుతో మొదలవుతున్నాయి. సాయంత్రం తొలి గంటల్లో అద్దంలోంచి ఎండ నేరుగా కళ్లలోకి. చీకటి పడ్డాక వాహనాల హెడ్‌లైట్లు ప్లాస్టిక్ కొబ్బరిచెట్ల మీదుగా ఊడ్చుకుపోతున్నాయి.

ఇంకొకటి కూడా కనిపించింది. అది మిగతావాటితో కలిపి చెప్పే సంగతి కాదు. వెనకవైపు అత్యవసర ద్వారం ముందు వెదురు తెర కట్టి, దానికి ఆనించి చిలకల స్టాండు పెట్టారు. తలుపు ఎక్కడుందో తెలిసిన నాకే అది కనిపించలేదు.

మొదటి నిర్ణయం: తలుపు, తాటాకు, మంట

వాతావరణం గురించి మాట్లాడకముందే ఈ మూడూ తేలాలని పట్టుబట్టాను. ఆ బార్‌లో బాగా అమ్ముడుపోయే డ్రింకు మీద పిండేసిన నిమ్మడిప్పలో 75.5 శాతం ఆల్కహాల్ ఉన్న రమ్ పోసి వెలిగిస్తారు. పైన దాల్చినచెక్క పొడి చల్లితే నిప్పురవ్వలు లేస్తాయి. చూడటానికి భలేగా ఉంటుంది. ఆ రవ్వలు లేచేది మాత్రం ఎండు తాటాకు చూరు కింద.

"ఆ మంటే కదండీ అందరూ వీడియో తీసేది" అన్నారు యజమాని. నేను ఆయనకు బోస్టన్‌లోని కోకోనట్ గ్రోవ్ గురించి చెప్పాను. అదీ ఉష్ణమండల అలంకారంతో కట్టిన నైట్‌క్లబ్బే: కృత్రిమ తాటిచెట్లు, సీలింగ్‌కు గుడ్డ పందిరి. 1942 నవంబర్ 28 రాత్రి అక్కడ మంటలు లేచి 492 మంది చనిపోయారు. ముందున్న తిరుగుడు తలుపు జనంతో బిగుసుకుపోయింది, పక్క తలుపుల్లో కొన్నిటికి తాళాలు వేసి ఉన్నాయి. తిరుగుడు తలుపు పక్కన బయటికి తెరుచుకునే మామూలు తలుపు కూడా ఉండాలన్న నియమం గట్టిపడింది ఆ ఘటన తర్వాతే. ఆయన కాసేపు మాట్లాడలేదు. తర్వాత చిలకల స్టాండు తనే జరిపారు.

వెదురు తెర తీసేశాం, వెలుగుతూ ఉండే నిష్క్రమణ బోర్డు పెట్టాం. కౌంటర్ మీద తాటాకు మొత్తం దించేశాం. మిగిలిన చోట్ల ఉన్న ఆకు, చాపల్లో నిప్పు అంటుకోకుండా శుద్ధి చేసినట్టు కాగితం ఉన్నవే ఉంచాం. మంట డ్రింకు ఆపలేదు. రాతిపలక ఉన్న ఒకే చోటుకు పరిమితం చేశాం, సీసాలోంచి మంట మీదికి రమ్ పోయడం పూర్తిగా నిషేధించాం. తాటాకు దించితే అందం పోతుందేమోనని అందరూ బెంగపడ్డారు. ఒక్క కస్టమర్ కూడా అడగలేదు.

చేసినవి, పనిచేయనివి

శబ్దమే ప్రధాన దోషి అని నాకు తోచింది. ఖర్చులేని, వెంటనే వెనక్కి తీసుకోగలిగిన ప్రయోగం ముందు చేయాలి కాబట్టి సంగీతం తగ్గించి చూశాం. రొద ఏమీ తగ్గలేదు. పైగా బ్లెండర్ ఇంకా కర్ణకఠోరంగా వినిపించింది. ఇది విఫలమైనా పనికొచ్చిన వైఫల్యం: రొదకు మూలం స్పీకర్లు కావని తేలింది. టైల్స్, అద్దం, కాంక్రీట్ మూడూ శబ్దాన్ని మింగవు, తిప్పికొడతాయి. చుట్టూ రొద ఉంటే మనిషి తనకు తెలియకుండానే గొంతు పెంచుతాడు. ఫ్రెంచ్ వైద్యుడు ఎతియెన్ లొంబార్ దీన్ని 1911లోనే రాసిపెట్టాడు. ఒక టేబుల్ గొంతు పెంచితే పక్క టేబుల్ పెంచుతుంది, అలా గదంతా ఎక్కిపోతుంది. మీటర్ పెట్టి చూస్తే శనివారం రాత్రి 85 డెసిబెళ్లు దాటుతోంది. ఎదుటి మనిషి మాట హాయిగా వినాలంటే అది చాలా ఎక్కువ.

ఆ తర్వాత యజమాని కోరిక మీద పొగమంచు యంత్రం పెట్టాం. దీవిలో తేమ ఉంటుంది కదా అన్నది ఆయన వాదన. నాకు నమ్మకం లేదు. అయినా అద్దెకు దొరుకుతుంది, నచ్చకపోతే తిరిగి ఇచ్చేయొచ్చు కాబట్టి ఒప్పుకున్నాను. ఏసీ ఒకవైపు తేమ లాగేస్తుంటే యంత్రం మరోవైపు వదులుతోంది. మెనూ కార్డులు మెత్తబడి వంగిపోయాయి, టైల్స్ మీద తడి చేరి వెయిటర్ ట్రేతో సహా జారాడు. అదృష్టవశాత్తు దెబ్బ తగల్లేదు. మర్నాడే వెనక్కి పంపాం.

ప్లాస్టిక్ చెట్ల బదులు నిజమైన మొక్కలు అన్నది నా సూచన. అరెకా పామ్‌లు, మాన్‌స్టెరాలు తెప్పించాం. బార్ వెలుతురులో పుస్తకం చదవడమే కష్టం, ఆ వెలుతురుతో అవి ఎక్కడ బతుకుతాయి? కొన్ని వారాల్లో అరెకా ఆకుల కొనలు గోధుమరంగుకు తిరిగాయి. సిబ్బంది జాలిపడి నీళ్లు ఎక్కువ పోశారు, తడిమట్టిలో చిన్న ఈగలు పుట్టి తియ్యటి గ్లాసుల చుట్టూ ముసిరాయి. చివరికి నీడకు ఓర్చుకునే స్నేక్ ప్లాంట్, మనీ ప్లాంట్ మాత్రం ఉంచి, బార్ మూసి ఉన్న వేళల్లో వాటికి మొక్కల దీపాలు పెట్టాం. నీళ్లు పోసే బాధ్యత ఒక్కరికే అప్పగించాం. ఇది నిలిచింది, కానీ అమ్మకాల్లో ఏ మార్పూ తేలేదు. మొక్కలు బాగున్నాయని అందరూ అన్నారు, అంతే.

పనిచేసినవి

అలల హోరుతో మొదలుపెట్టాం. అది విశ్రాంతినిస్తుందని అందరి నమ్మకం. విడిగా వింటే నిజమే. కానీ అలల చప్పుడు అంటే ఆగకుండా సాగే "హుష్" శబ్దం. మాటను మాటగా గుర్తుపట్టేలా చేసే స, ష, త లాంటి హల్లుల మీదే అది వచ్చి పడుతుంది. మూడో టేబుల్ అబ్బాయికి ఆమె గొంతు వినిపించింది, మాట వినిపించలేదు. గదిలో అలలు ఆపేసి, ప్రవేశం దగ్గర మాత్రం ఉంచాం. అక్కడ ఎవరూ కూర్చుని మాట్లాడుకోరు.

తర్వాత స్లాబ్ కింద 50 మిల్లీమీటర్ల మందం రాతి ఊలు (రాతిని కరిగించి తీసిన పీచు) పలకలు వేలాడదీసి, కింద శుద్ధి చేసిన వెదురు చాప కప్పాం. వెదురు చాప ఒక్కటే అయితే శబ్దాన్ని పెద్దగా పీల్చదు, చూపుకు మాత్రమే. పని చేసేది పైనున్న ఊలు, అది మండదు కూడా. టేబుళ్ల అడుగున కూడా శబ్దం పీల్చే పలకలు అంటించాం. ఎవరికీ కనపడని చోటు కాబట్టి అందంతో పేచీ లేదు. జలపాతం కోసం దాచిన డబ్బులో పెద్ద భాగం ఇక్కడే ఖర్చయింది. కంటికి కనిపించని వస్తువు మీద ఇంత డబ్బు పెట్టించడం ఈ కేసు మొత్తంలో నాకు కష్టమైన పని. ఒప్పించింది నా వాదన కాదు. ఖాళీ గదిలో యజమానినే చప్పట్లు కొట్టమన్నాను. చప్పుడు గోడల మధ్య తిరిగి తిరిగి ఆగింది. పలకలున్న పక్క భవనంలోని సమావేశ గదికి తీసుకెళ్లి మళ్లీ కొట్టమన్నాను. ఆయన ఇంకేమీ అడగలేదు.

ఇక బ్లెండర్. మెనూలో తొమ్మిది డ్రింకులు దాని మీదే ఆధారపడ్డాయి. కూర్చుని లెక్క చూస్తే నిజంగా అవసరమైనది పినా కోలాడా ఒక్కదానికే. మిగతావాటిని మిల్క్‌షేక్ మిక్సర్‌లో నలగ్గొట్టిన ఐస్‌తో కొన్ని సెకన్లు తిప్పితే చాలు. పాత ట్రాపికల్ బార్లలో చేసింది అదే. శబ్దమూ తక్కువ, ఐస్ మరీ కరిగి డ్రింకు పలచబడదు. బ్లెండర్ వెనకగదికి వెళ్లిపోయింది.

ఆలస్యం కూడా వాతావరణంలో భాగమేనని సిబ్బందికి నచ్చజెప్పడానికి కొంత సమయం పట్టింది. "సార్, మంచి డ్రింకు కావాలంటే ఆగాలి కదా" అన్నాడు హెడ్ బార్‌టెండర్. అతని మాటలో న్యాయం ఉంది. కానీ జాంబీ అనే ఒక్క రమ్ కాక్‌టెయిల్ కోసం అతను మూడు రకాల రమ్ సీసాలతో సహా పదికి దగ్గరగా సీసాలు ఒక్కొక్కటే తీసి, కొలిచి, మూత పెట్టి, సర్దుతున్నాడు. నలుగురు కలిసి ఒకేసారి ఆర్డర్ ఇస్తే మొదటి గ్లాసు నాలుగోదాని కోసం కౌంటర్ మీద ఎదురుచూస్తుంది. ఆలోగా నలిగిన ఐస్ కరిగి నీళ్లవుతుంది, ఎందుకంటే ముక్క ఎంత చిన్నదైతే కరిగే వేగం అంత ఎక్కువ. డాన్ బీచ్ తన వంటకాల గుట్టు దాచుకోవడానికి మిశ్రమాలను ముందే కలిపి, సీసాల మీద అసలు పేర్ల బదులు గుర్తులు వేయించేవాడు. నారింజ కుటుంబానికి చెందిన గ్రేప్‌ఫ్రూట్ రసం రెండు పాళ్లు, దాల్చినచెక్క సిరప్ ఒక పాలు కలిపిన మిశ్రమం ఈనాటికీ ఆయన పేరు మీదే నడుస్తోంది. గుట్టు సంగతి మాకెందుకు గానీ పద్ధతి పనికొచ్చింది. రమ్‌లు ముందే కలిపి ఒక సీసా, మసాలా సిరప్‌లు ఒక సీసా. నిమ్మరసం మాత్రం ఆ పూటకాపూట పిండి చివర్లో విడిగా పోయాలని గీత గీశాం. నిల్వ నిమ్మరసం డ్రింకును చప్పబరుస్తుంది, అక్కడ వేగం కోసం రాజీ పడకూడదు. బార్‌టెండర్ చేతులు ఖాళీ అయ్యాయి, తలెత్తి కస్టమర్‌తో మాట్లాడటం మొదలుపెట్టాడు.

వెలుతురు విషయంలో ఒక చిన్న పరీక్ష సరిపోయింది. ఒకే మై తాయ్‌ను నీలం పట్టీ కింద ఒకసారి, వెచ్చటి పసుపు దీపం కింద ఒకసారి పెట్టాం. నీలం కింద తేనెరంగు రమ్ బురదనీళ్లలా, పైనున్న పుదీనా వాడిపోయినట్టు కనిపించాయి. పసుపు దీపం కింద పుదీనా ఆకు మీది నూగు కూడా తెలుస్తోంది. నీలం పట్టీలు పీకేశాం. టేబుల్‌కొకటి వెచ్చటి పసుపు వెలుగునిచ్చే (2200 కెల్విన్) చిన్న దీపం, దాని వెలుగు గ్లాసు మీదా చేతుల మీదా పడాలి, కళ్లలో పడకూడదు. గది మొత్తం ముందుకంటే చీకటైంది, కానీ మెనూ చదవడం తేలికైంది. మెనూ కాగితం రంగు కూడా మార్చాం.

వాసన యంత్రాల మీద సిబ్బంది నాతో వాదించారు: "అసలు వాసనే రావట్లేదండీ, ఇంకా పెంచాలి". రోజంతా ఒకే వాసనలో ఉంటే ముక్కు దాన్ని పట్టించుకోవడం మానేస్తుంది. బయటినుంచి వచ్చినవాడికి తలుపు తీయగానే గుప్పుమంటోంది. మనం రుచి అనుకునేదాంట్లో చాలాభాగం ముక్కుదే కాబట్టి, కృత్రిమ కొబ్బరి గదంతా నిండితే లవంగం, జాజికాయ, పుదీనా ఉన్న డ్రింకులన్నీ ఒకేలా అనిపిస్తాయి. యంత్రాలు తీసేశాం. పుదీనా రెమ్మను అరచేతిలో చరిచి గ్లాసులో గుచ్చడం, జాజికాయను టేబుల్ దగ్గరే తురమడం మొదలుపెట్టాం. ఒక టేబుల్‌కు వెళ్లిన గ్లాసు వాసన పక్క టేబుల్‌ను తాకుతుంది. "వాళ్లు తాగుతున్నదేంటి?" అన్న ప్రశ్న అప్పుడు వస్తుంది. మొదటి ప్రశ్న రెండో ఆర్డర్‌కు దారి తీయడం చాలాసార్లు చూశాను.

దేవతల ముఖాలున్న స్తంభాలు, మగ్గులు కూడా తీసేశాం. పసిఫిక్ దీవులవాళ్లకు అవి పూర్వీకులు, దేవుళ్లు. వాటిని సిగరెట్ బూడిద రాల్చే చోట నిలబెట్టడం నాకు మొదటినుంచీ నచ్చలేదు. వాటి బదులు ముఖాలు లేని మట్టి మగ్గులు వచ్చాయి. మగ్గుల దొంగతనాలు మాత్రం తగ్గలేదు.

దీనినుంచి నేను పట్టుకెళ్లినవి

మార్పులన్నీ ఒకేసారి కాకుండా ఒకదాని తర్వాత ఒకటి చేయడంవల్లే ఏది దేనికి పనిచేసిందో చెప్పగలుగుతున్నాను. రెండో రౌండ్ బిల్లుల్లో కనపడటం మొదలైంది సీలింగ్ పలకలు వేసిన తర్వాత. మిశ్రమాలు ముందే కలపడంతో అది స్థిరపడింది. వెలుతురు, వాసనల ప్రభావం బిల్లుల్లో విడిగా తేలలేదు, కానీ కస్టమర్ల మాటల్లో డ్రింకుల ప్రస్తావన పెరిగింది, అలంకారం ప్రస్తావన తగ్గింది. ఇప్పుడు ఇలాంటి బార్‌కు పిలిస్తే ముందు తలుపులు, నిప్పు చూస్తాను. ఆ తర్వాత రెండడుగుల దూరంలో ఉన్న మనిషి మాట వినపడుతోందా, మెనూ చదవగలుగుతున్నానా, గ్లాసు ఎంతసేపట్లో వస్తోంది అన్నవి. అలంకారం జాబితా చివర్లో చూస్తాను. "వాతావరణం లేదు" అని యజమాని అన్నప్పుడు ఆ మాటను లక్షణంగా తీసుకోవాలి, రోగ నిర్ధారణగా కాదు.

తేలని విషయం ఒకటి మిగిలింది. ఎండ, హెడ్‌లైట్లు ఆపడానికి అద్దాల లోపలివైపు చెక్క పలకల తెర కట్టాం. ప్రవేశం దగ్గర ఒక మలుపు తిప్పి, కొన్ని అడుగులు చీకట్లో నడిచి గదిలోకి వచ్చేలా చేశాం. నడవ వెడల్పు తగ్గకుండా, తలుపు బయటికే తెరుచుకునేలా చూసుకున్నాం. లోపల కూర్చున్నవాళ్లకు వీధి, వేళ రెండూ కనపడవు. ఇది బాగా పనిచేసింది. కానీ బయట నడిచేవాళ్లకు లోపల ఏముందో తెలియడం లేదు, అనుకోకుండా లోపలికి వచ్చేవాళ్లు సాయంత్రం తొలి గంటల్లో తగ్గారు. "మీరు లోపలివాళ్లను నిలిపారు, బయటివాళ్లను ఆపేశారు" అంటారు యజమాని, అందులో నిజముంది. ప్రస్తుతం ఒక్క పలకను తీసి, లోపలి టేబుళ్లు కాకుండా ఐస్ నలగ్గొట్టే కౌంటర్ మూల మాత్రమే వీధికి కనిపించేలా ఒక కిటికీ పెట్టి చూస్తున్నాం. హెడ్‌లైట్లు పడని కోణం దొరకడానికే రెండుసార్లు పలక మార్చాల్సి వచ్చింది.